రాహుకాలంలో సంతకాలు

మా పెండ్లి రెండుసార్లు జరిగింది. మొదటిది చిత్తూరు రిజిస్ట్రారు ఆఫీసులో, మా అవ్వ ఏరికోరి పెట్టిన రాహుకాలంలో. చెబితే మా మనవరాళ్లు కూడా నమ్మరు. నవ్వుతారు. నవ్వనీ, జరిగింది మాత్రం అదే.

ఆ రోజుల్లో మా వీధికి నీళ్లు లేవు. కొళాయి ఉండేది గానీ, తిప్పితే దగ్గినట్టు చప్పుడు చేసి ఊరుకునేది. రెండు వీధులు దాటి చేదబావికి పోయి తెచ్చుకోవాలి. నా చదువు మూడో తరగతితో ఆగిపోయింది కూడా ఆ బావి వల్లనే. బడి గంట కొట్టే వేళకే బావి దగ్గర రద్దీ తగ్గేది, మరి బిందె పట్టుకోవాలా, పలక పట్టుకోవాలా? మోసి మోసి నా నడుము ఎడమ పక్క కాయ కాసింది. పూల జాకెట్టు వేసుకున్నా, పట్టుచీర కట్టుకున్నా అది చేతికి తగిలేది.

సంబంధం కుదిరింది. ఆయన తిరుపతి స్టేషనులో పాయింట్స్‌మన్. రైలు వచ్చేటప్పుడు పట్టాలు మార్చే పని. సొంత ఊరు ఏర్పేడు పక్కన పల్లె. తాంబూలాలు మార్చుకున్న రోజు పెద్దలంతా విస్తళ్ల హడావిడిలో ఉన్నారు. ఆయన చేతులు కడుక్కోవడానికి నేను చెంబుతో నీళ్లు పోస్తుంటే, తల వంచుకునే అన్నాడు: "క్వార్టరు వస్తాది. కొళాయి ఇంట్లోనే ఉంటాది."

అంతే, ఇంకో మాట లేదు. ఇన్నేండ్ల కాపురంలో చాలా మంచి మాటలే అన్నాడు గానీ, దాన్ని మించింది ఇంకా అనలేదు.

తాంబూలాలైన వారానికే మూఢం వచ్చి పడింది. అది పోయినాక ఆషాఢం. శ్రావణం వస్తేగానీ ముహూర్తం లేదు. ఆ లోపలే తిరుపతిలో ఒక క్వార్టరు ఖాళీ అవుతుందని తెలిసింది. వరసలో ఈయన పేరే ముందుంది. కానీ పెండ్లయినవాళ్లకే ఇస్తారట. రైల్వేవాళ్లు చెప్పిన శనివారం లోపల కాగితం చూపకపోతే అది వెనకాయనకు పోతుంది. పోతే ఇంకొకటి ఎప్పుడు ఖాళీ అవుతుందో ఆ దేవుడికే తెలియాలి. అందాకా ఆయన తిరుపతిలో నలుగురితో కలిసి ఒక గదిలో, నేను పల్లెలో అత్తగారింట్లో. ఆ పల్లె బావి మా బావి కంటే దూరం. అమ్మ చూసి వచ్చి చెప్పింది.

ఆయన బస్సెక్కి మా ఇంటికి వచ్చాడు. నాయన ఎదుట కూర్చోకుండా, స్తంభానికి ఆనుకుని నిలబడి చెప్పాడు.

"మామా, రిజిస్టరాఫీసులో సంతకాలు పెట్టేస్తాము. ఆ కాగితం సూపిచ్చి క్వార్టరు తీసుకుంటా. పెండ్లి శ్రావణంలోనే సేసుకుందాము, మీరు సెప్పినట్టే."

నాయన అవ్వ వైపు చూశాడు. అప్పట్లో రిజిస్టరు పెండ్లంటే లేచిపోయినవాళ్లు చేసుకునేది. అవ్వ ఇంతెత్తున లేచింది. "మూఢంలో పెండ్లా? నేను బతికుండంగానా?" అని ఆ పూట అన్నం కూడా తినలేదు. నేను గోడ చాటున నిలబడి, నా కొళాయి పోయిందనుకున్నాను.

మరుసటి రోజు తెల్లవారేసరికి అవ్వ తానే ఒక దారి వెతికిపెట్టింది.

"ఏమబ్బా," అని నాయనను పిలిచింది, "అది పెండ్లి కాకుండా సేస్తే సరిపోయె గదా! పసుపొద్దు, పూలొద్దు, తాళొద్దు. రాహుకాలం సూసి పోయి పెట్టండి సంతకాలు. రాహుకాలంలో ఎవడన్నా పెండ్లి సేసుకుంటాడా? దేవుళ్లు సూసినా, ఏదో సేను రిజిస్టరు సేస్తా ఉండారు అనుకుంటారు."

నాయన నవ్వాడు. అవ్వ నవ్వలేదు. అలా నిశ్చయమైంది.

ముందుగా ఒక నెల మా పేర్లు ఆఫీసు బోర్డులో వేశారు, ఎవరికైనా అభ్యంతరం ఉంటే చెప్పమని. మా వీధి చివర గుడ్డల అంగడాయన అది చూసి పరుగున వచ్చాడు.

"ఏమప్పా, ఈడ కూసోనుండావు! నీ బిడ్డ ఎవడితోనో లేసిపోతా ఉండాది. బోర్డులో వేసినారు!"

నాయన రోటి వైపు చూపించాడు. "యాడికి పోతాదబ్బా? అదో, పిండి రుబ్బతా ఉండాది."

ఆయన నన్ను చూశాడు, నాయనను చూశాడు. "అయితే నీతో సెప్పే పోతా ఉండాదా?"

ఆ మాటకు మా ఇంట్లో చాలా రోజులు నవ్వుకున్నాం.

నెల గడువు తీరి మాకు దొరికింది ఒక శుక్రవారం. మరునాడే ఆ ఆఖరి శనివారం. ఆ రోజు అవ్వ నన్ను తలంటుకోనివ్వలేదు. ఇంట్లో కట్టుకునే పాత చీరే కట్టించింది. తల్లి వస్తే పెండ్లయిపోతుందని అమ్మను ఇంట్లోనే ఉంచింది. సాక్షులుగా నాయన, అవ్వ, పెండ్లికొడుకు అన్న. మేము ఆఫీసులోకి పోతే గుమాస్తా మా వెనక ఇంకెవరైనా వస్తున్నారేమోనని చూశాడు.

"పెండ్లికూతురు యాడమ్మా?"

"నేనే సార్," అన్నాను.

రిజిస్ట్రారు గారు నుదుటి నిండా విభూతి పెట్టుకున్న పెద్దాయన. మమ్మల్ని చూసి, గోడ గడియారం చూసి, కలం మూత పెట్టేశాడు.

"ఇది రాహుకాలం. పన్నెండు దాటినాక రండి."

"అందుకే సామీ ఇప్పుడొచ్చినాము," అంది అవ్వ.

"ఏమ్మా, తెలిసే వచ్చినారా? నా సర్వీసులో రాహుకాలంలో ఒక్క జంటకూ సంతకం పెట్టలేదు. ఆ పాపం నాకొద్దు."

"మంచి గంటలో పెడితే మూఢంలో పెండ్లి సేసిన పాపం నాకు సుట్టుకుంటాది గదా సామీ! నీకు జీతమొస్తాది. నాకేమొస్తాది?"

గుమాస్తా నవ్వు ఆపుకోలేక ఫైలు అడ్డం పెట్టుకున్నాడు. పెద్దాయన దిగిరాడు, అవ్వ వదలదు. గడియారం ముల్లు పోతూనే ఉంది. చివరకు మా ఆయనే నోరు తెరిచాడు.

"సార్, మా సంతకాలు ఇప్పుడు పెడతాము. మీది పన్నెండు దాటినాక పెట్టండి."

అవ్వా పెద్దాయనా ఒకరినొకరు చూసుకున్నారు. అవ్వ లెక్కకు అది రాహుకాలపు కాగితం. పెద్దాయన లెక్కకు మంచి గంట పెండ్లి. ఇద్దరి పాపమూ తప్పింది. నేను బడిలో పంతులు నేర్పిన అక్షరాలు ఒక్కొక్కటే కూడబలుక్కుని పేరు రాశాను. అవ్వ వేలిముద్ర వేసి, ఆ సిరా తలకు రాసుకుంది.

ఇంకొంచెం సేపు ఆగితే పన్నెండు. అంతలో వాకిట్లో జీపు ఆగింది. కలెక్టరు ఆఫీసులో పని, వెంటనే రమ్మన్నారట. పెద్దాయన లేచి, "వచ్చి పెడతా, కూర్చోండి," అని వెళ్లిపోయాడు. గుమాస్తా మా సంతకాలున్న పుస్తకం బీరువాలో పెట్టి తాళం వేశాడు.

"ఎప్పుడొస్తారు సార్?" అడిగాడు నాయన.

"అట్ల పోయినోళ్లు ఒక్కోసారి సాయంత్రానికీ రారు. రేపు రెండో శనివారం, మాకు సెలవు. సోమవారం రావాల్సొస్తాది."

రైల్వేకు రెండో శనివారం లేదు. సోమవారానికి క్వార్టరు ఉండదు.

వరండాలో దస్తావేజులు రాసేవాళ్ల పక్కన కూర్చున్నాం. నాకూ ఆయనకూ మధ్యన అవ్వ నాయనను కూర్చోబెట్టింది. ఆయన వీధిలోకి పోయి బన్నులు తెచ్చి, ఒకటి నాయన చేతికిచ్చాడు.

"మామా, ఇది ఆమెకి."

"నాకు లేదా అబ్బా?"

"మీకూ ఉండాది మామా," అని తడబడ్డాడు. ఆయన అన్న పక్కకు తిరిగి నవ్వాడు. నేను బన్ను తీసుకుని, తినకుండా కొంగున కట్టుకున్నాను. మధ్యాహ్నం గడిచింది. రాసేవాళ్లు ఒక్కొక్కరే పెట్టెలు మూసి పోయారు. నా కంట్లో నీళ్లు తిరిగితే కొంగుతో ఒత్తుకున్నాను. అవ్వ చూసింది.  అప్పటి నుంచి జీపు కోసం వీధి వైపే చూస్తూ కూర్చుంది.

గుమాస్తా కిటికీలు మూస్తుండగా జీపు వచ్చింది. పెద్దాయన దుమ్ము కొట్టుకుపోయి దిగాడు. "ఇంకా ఉండారా!" అని లోపలికొచ్చి పుస్తకం తీయించాడు. కలం తీసి, ఏదో గుర్తొచ్చినట్టు గోడ మీది పంచాంగం క్యాలెండరు వైపు చెయ్యి చాపాడు.

"ఉండవ్వా, ఇప్పుడు గంట ఎట్లుండాదో సూస్తా."

అవ్వ దిగ్గున లేచి పోయి ఆ క్యాలెండరుకు అడ్డంగా నిలబడింది.

"గంట సూడొద్దు సామీ. నేను నీళ్లు మోసినాను. నా కోడలు మోసింది. ఇది మోస్తా ఉండాది. రైలోళ్ల ఇంట్లో కొళాయి ఉండాదంట. మంచిదో సెడ్డదో, పెట్టేయి సామీ."

ఆయన చాపిన చెయ్యి వెనక్కి తీసుకున్నాడు. కూర్చున్నాడు. సంతకం పెట్టి, ముద్ర వేసి, ఆరేదాకా ఊదాడు. నాయన పైపంచెతో మొహం తుడుచుకున్నాడు. నేను అక్కడున్న బల్ల మీద కూర్చుని, కొంగు ముడి విప్పి ఆ బన్ను తిన్నాను. 

"సామీ, ఇది పెండ్లేనా?" అని అవ్వ చిన్నగా అడిగింది.

"గవర్నమెంటుకు పెండ్లే అవ్వా."

"గవర్నమెంటుకే గదా. సరే."

మా ఆయన ఆ కాగితం జేబులో పెట్టుకుని అటునుంచి అటే తిరుపతి బస్సెక్కాడు. శనివారం సాయంత్రం మళ్లీ బస్సు దిగి మా ఇంటికి వచ్చాడు, తాళంచెవి పట్టుకుని. దాన్ని నా చేతికి ఇవ్వాలని ఆయన ఆశ. అవ్వ మధ్యలో అందుకుని అమ్మకు ఇచ్చి దాచిపెట్టమంది. తాళి పడేదాకా ఆ ఇంటి గడప నేను తొక్కకూడదట. ఆయన సరేనన్నాడు. ఆ ఇంటికి ఇంకొక తాళంచెవి తన జేబులోనే ఉందని మాత్రం చెప్పలేదు. అది నాకు శ్రావణంలో చెప్పాడు.

ఆదివారం పొద్దున మామూలుగానే బిందె తీసుకుని బావికి పోయాను. ఊరంతా తెలిసిపోయినట్టుంది. చేంతాడు లాగుతున్న ఆడవాళ్లు నన్ను చూసి నవ్వారు.

"ఏమ్మే, పెండ్లయిపోయిందంట గదా! మాకు బువ్వ పెట్టకుండానే?"

"ఆఫీసోళ్లకు అయింది. మా అవ్వకు ఇంకా కాలేదు," అన్నాను.

వాళ్లు పకపకా నవ్వి, ఆ పూటకు వరసలో నన్ను ముందుకు పంపారు. నేను నిమ్మళంగా చేంతాడు వదిలాను. ఇంకెన్నాళ్లు, శ్రావణం దాకానే గదా అనుకున్నాను.