హాజరు లేనందున కొట్టివేయడమైనది

ఆ రోజుల్లో నల్లకోటు తొడుక్కున్నవాడికి న్యాయశాస్త్రం దానంతటదే వచ్చేస్తుందని నా నమ్మకం. కోటు కొత్తది, నమ్మకం అంతకన్నా కొత్తది. అమలాపురం మునసబు కోర్టులో మా మేనమామ పేరున్న ప్లీడరు. నేను ఆయన జూనియర్ని. (జూనియరంటే సీనియరు గారి పుస్తకాలు మోస్తూ, ఆ బరువంతా తన జ్ఞానమే అనుకునేవాడు.) దేశానికి స్వాతంత్ర్యం వచ్చి నాలుగైదేళ్లయింది, మామయ్య దగ్గర నాకింకా రాలేదు.

అలాంటి నాకు ఆయన ఒక మామ్మగారి పిటిషను అప్పగించారు. ముమ్మిడివరం వైపు నుంచి వచ్చేదావిడ. పొరుగు కొబ్బరితోట ఆసామి, ఆవిడ ఇంటి నుంచి కాలవ రేవుకి వెళ్లే దారికి అడ్డంగా కంచె కట్టేశాడు. బిందెడు నీళ్లకి ఆ వయసులో ఊరంతా చుట్టి రావాలి. కంచె తీయించమని పిటిషను. "నువ్వేం వాదించక్కర్లేదు. పిలిచినప్పుడు లేచి నిలబడు, చాలు" అన్నారు మామయ్య. నా అంతటివాడికి ఇంత చిన్న పనా అని నొచ్చుకున్నాను.

వాయిదా రోజున నేను కోర్టు ఎదురుగా కాఫీ హోటల్లో కూర్చుని, తోటి జూనియర్లిద్దరికి దారి హక్కు గురించి బోధిస్తున్నాను. మామ్మగారు గుమ్మం దాకా వచ్చి, "మన ముందు కేసు అయిపోవచ్చిందండి బాబూ" అన్నారు. "ఇంకా గంట పడుతుంది. మీరలా అరుగు మీద కూర్చోండి మామ్మగారూ" అన్నాను. ఆవిడ కూర్చున్నారు. రెండో కాఫీ కూడా ముగించి నేను వెళ్లేసరికి, బంట్రోతు మూడుసార్లు పిలవడమూ, హాజరు లేనందున పిటిషను కొట్టివేయడమూ కూడా అయిపోయాయి.

దాన్ని తిరిగి విచారణకు తీసుకోమని ఇంకో పిటిషను పెట్టాను. ఎదుటివారికి నకలు జతచేసి వారంలోగా మళ్లీ దాఖలు చెయ్యమని కోర్టువారు దాన్ని తిప్పి ఇచ్చారు. నకలు రాయడం గుమస్తాల పని అనుకుని, ఆ వారమంతా నేను నా ఇంగ్లీషుకి మెరుగులు దిద్దాను. ఎనిమిదో రోజుకి అది పదకొండు పేజీల కావ్యమైంది. ఆదేశం పాటించనందున అదీ కొట్టేశారు.

మామయ్య నన్ను తిట్టలేదు. (తిట్టి ఉంటే బాగుండేది.) తనే నాలుగు ముక్కల్లో పిటిషను రాసి, "జవాబు మాత్రం నువ్వే చెప్పుకో" అన్నారు.

"ఆ రోజు ఎందుకు హాజరు కాలేదు?" అన్నారు జడ్జిగారు.

"అనివార్య కారణాల వల్ల" అని మొదలుపెట్టాను.

వెనకనుంచి మామ్మగారు లేచారు. "అలాంటివేం లేవండి. కాఫీ తాగుతున్నారండి."

జడ్జిగారు కలం కింద పెట్టారు. "మరి రెండోసారి?"

"ఆయ్, రాస్తున్నారండి. చాలా బాగా వస్తోందని చెప్పేరు. తొందరపెట్టడం ఎందుకని ఊరుకున్నానండి."

కోర్టు హాలంతా నవ్వింది. పిటిషనుదారు తప్పేమీ లేదంటూ జడ్జిగారు పిటిషను మళ్లీ విచారణకు తీసుకున్నారు. మామయ్య పావుగంట వాదించారు, కంచె తీసెయ్యమని ఉత్తర్వు వచ్చింది.

దారి తెరిచిన రోజున రమ్మని మామ్మగారు కబురు పెడితే వెళ్లాను. చంకలో బిందెతో ఆవిడ ముందు, వెనక నేను. ఒక మనిషి పట్టేంత దారి. నలభై అడుగులు వేసేసరికి రేవు వచ్చేసింది.

"ఇంతేనా మామ్మగారూ?" అన్నాను.

"ఇంతేనండి. మీరు ఇదివరకే చూసేరనుకున్నాను" అన్నారావిడ, నీళ్లు ముంచుతూ.

నిండు బిందె అందుకోబోయాను. "వద్దులెండి బాబూ" అని ఆవిడే ఎత్తుకున్నారు. ఎంత మర్యాద అని ఆనాడు మురిసిపోయాను. ఒలకబోస్తాననే భయమేమో అని తట్టడానికి నాకు చాలా ఏళ్లు పట్టింది.