నేలకు ఆనించిన మూడు వేళ్ళు

నా చిన్నప్పుడు మేం సింగపూరులో, సెరంగూన్‌లో ఒక పాత బ్లాకు తొమ్మిదో అంతస్తులో ఉండేవాళ్ళం. లిఫ్టు మా అంతస్తులో ఆగేది కాదు. పదిలో దిగి, ఒక అంతస్తు మెట్లు దిగి రావాలి. నాయనమ్మ మోకాళ్ళకు ఆ మెట్లు పడేవి కావు, అందుకని ఆవిడ వారాల తరబడి ఇల్లు కదిలేది కాదు. రెండు పడక గదుల్లో నలుగురం. ఎవరు దగ్గినా మిగతా ముగ్గురికీ వినపడేది.

నాయనమ్మ ఎక్కడ కూర్చున్నా వీపు ఆనించేది కాదు. గోదావరి వైపు మా కుటుంబానికి ఒకప్పుడు దివాణం ఉండేది. ఊళ్ళు పోయాయి, తోటలు పోయాయి, చివరికి ఆ కట్టడం కూడా పోయింది. మనకు మిగిలినవి తాతగారి ఫోటో, ఈ వెన్నెముక, అనేది ఆవిడ. నేను పుస్తకం మీదికి వంగితే వెనక నుంచి వచ్చి, అరచెయ్యి వీపుకు ఆనించి, మెల్లగా పైకి లేపేది. ఒక్కసారి కూడా కొట్టలేదు. ఆ చెయ్యి ఎప్పుడు వస్తుందోనని నేనే ముందుగా నిటారుగా అయిపోయేవాణ్ణి. పదమూడేళ్ళకే నాకు మేం ఎవరిమో బాగా తెలుసు.

మా నాన్నగారు ఒక సాఫ్ట్‌వేర్ కంపెనీలో పని చేసేవారు. రెండు వేల సంవత్సరం రాగానే కంప్యూటర్లు తేదీలు తప్పు చదువుతాయని లోకమంతా భయపడుతున్న రోజులవి. పాత ప్రోగ్రాములు చదవగలిగిన వాళ్ళకు చాలా గిరాకీ. అప్పుడే నాన్నగారు మా ఊరి కుర్రవాణ్ణి ఒకణ్ణి తన మాట పూచీ పెట్టి కంపెనీలోకి రప్పించారు. అతని తాత మా దివాణంలో గుమాస్తా. ప్రతి ఆదివారం మా ఇంటికి భోజనానికి వచ్చేవాడు. నాయనమ్మ కూర్చోమనే దాకా నిలబడే ఉండేవాడు. ఆవిడ అడిగి చేయించుకున్న మర్యాద కాదది, వాళ్ళింట్లో నేర్పి పంపింది.

ఆ సంవత్సరం వచ్చింది. ఏమీ జరగలేదు. ఏమీ జరగకుండా చూడటమే నాన్నగారి రెండేళ్ళ కష్టమని ఆఫీసులో ఎవరికీ తోచలేదు. పాత ప్రోగ్రాముల పని తగ్గిపోయింది. అందరి చూపూ ఇంటర్నెట్ మీద పడింది. ఆ కొత్త పని ఆ కుర్రవాడికి బాగా వచ్చు.

ఒక ఆదివారం అతను మిఠాయి డబ్బాతో వచ్చి గుమ్మం దగ్గరే ఆగిపోయాడు. నాన్నగారి మొహం చూడలేక గోడ గడియారం వైపు చూస్తూ చెప్పాడు, కొత్త విభాగానికి తనను పెద్దగా వేశారని, నాన్నగారు ఆ విభాగంలోకే వస్తున్నారని.

నాయనమ్మ అతని వైపు కుర్చీ జరిపింది. "కూర్చో బాబూ. ఇక నుంచి నువ్వు కూర్చోవాలి, మావాడు నిలబడాలి."

"అంత మాట అనకండి అమ్మగారూ," అన్నాడు. కూర్చోలేదు. భోజనం చెయ్యకుండానే వెళ్ళిపోయాడు. మిఠాయి డబ్బా చాలా రోజులు ఫ్రిజ్ మీదే ఉంది. తెరిచిన వాళ్ళు లేరు, పారేసిన వాళ్ళూ లేరు.

ఆ తరవాత ఇల్లు ఇరుకైపోయింది. నాన్నగారు ఉద్యోగం వదిలితే మేం ఇక్కడ ఉండే అనుమతి కూడా పోతుంది. కొద్ది వారాల్లో దేశం విడిచి వెళ్ళాలి. వెళ్తే దిగడానికి మాకు అక్కడ గుమ్మం లేదు. వదలకపోతే, రోజూ ఆ కుర్రవాడి గది బయట నిలబడాలి. ఈ రెండు గోడల మధ్య నాన్నగారు అన్నం తింటున్నారు, టై కట్టుకుంటున్నారు, మెట్లెక్కి లిఫ్టుకు వెళ్తున్నారు. నాయనమ్మ ఆయనతో ఏమీ అనేది కాదు. ఆయన వచ్చే వేళకు తాతగారి ఫోటో అద్దం తుడుస్తూ ఉండేది. తుడిచిన అద్దాన్నే మళ్ళీ తుడిచేది.

అనవలసిన మాట నేను అన్నాను. ఒక శుక్రవారం భోజనాల దగ్గర, వెన్ను నిటారుగా పెట్టుకుని, "రాజీనామా చేసెయ్యండి నాన్నగారూ. మన ఇంటివాళ్ళు ఒకరి కింద ఉండరు," అన్నాను. నాయనమ్మ నా పళ్ళెంలో ఇంకాస్త నెయ్యి వేసింది. నాన్నగారు అన్నం కలపడం ఆపి నన్ను చూశారు. నా దగ్గర నుంచి కూడా ఆ మాట వస్తుందని ఆయన అనుకోలేదని నాకిప్పుడు తెలుస్తోంది.

మర్నాడు పొద్దున ఉత్తరం టైపు చేసి, కవరులో పెట్టి, తాతగారి ఫోటో వెనక ఉంచారు. సోమవారం ఇస్తానన్నారు. అమ్మ వంటింట్లోంచి, "అయితే అలమార మీది సూట్‌కేసులు దింపనా?" అని మాత్రం అడిగింది.

ఆ మధ్యాహ్నం నేను గెలిచినవాడిలా వరండాలోకి వచ్చాను. పక్కింటి గుమ్మం ముందు పక్కింటి అంకుల్ కూర్చుని మోకాలికి ఐసు పెట్టుకుంటున్నారు. ఆయన అమెరికన్. తలుపు దాటాలంటే తల వంచాల్సినంత పొడుగు. ఎడమ చేతి వేళ్ళు రెండు విరిగి అతికినవి, వంకరగా ఉండేవి. ఆయన భార్యను నేను అక్క అనేవాణ్ణి. అక్క వాళ్ళు తాతల కాలంలోనే విశాఖ వైపు నుంచి సింగపూరు వచ్చి స్థిరపడిన తెలుగువాళ్ళు. అక్క అమెరికాలో ఫిజియోథెరపీ నేర్చుకునేటప్పుడు ఆయన మోకాలు ఆమె చేతికి వచ్చింది, తరవాత మనిషీ వచ్చాడు. అప్పట్లో ఆయన ఇక్కడొక స్కూల్లో పిల్లలకు ఆటలు నేర్పుతున్నారు.

"ఏంటి తంబీ, మొహం వెలిగిపోతోంది? మాకన్ అయిందా?" అంది అక్క. ఆమె తెలుగులో తమ్ముడికి తమిళ మాట, తిండికి మలయ్ మాట, వాక్యం చివర ఇక్కడివాళ్ళు తగిలించే 'లా'.

మేం వెళ్ళిపోతున్నామని, ఎందుకు వెళ్ళిపోతున్నామో కూడా చెప్పాను. దివాణం సంగతి, గుమాస్తా మనవడి సంగతి, నేనన్న మాట, అన్నీ చెప్పాను. అక్క నవ్వడం మానేసింది. అంకుల్ అంతా విని, మీ ఇంటివాళ్ళు ఎలా నిలబడతారో ఒకసారి చూపించు, అన్నారు ఇంగ్లీషులో. నేను కాళ్ళు దగ్గరగా పెట్టి, ఛాతీ విరిచి నిలబడ్డాను. ఆయన కూర్చున్నచోటు నుంచే చెయ్యి చాచి రెండు వేళ్ళతో నా ఛాతీ మీద నెట్టారు. నేను వెళ్ళి చెప్పుల అలమార మీద పడ్డాను. ఇంటిల్లిపాది చెప్పులూ వరండా నిండా దొర్లాయి. లేచి ఇంకా గట్టిగా నిలబడ్డాను. మళ్ళీ రెండు వేళ్ళే. మళ్ళీ పడ్డాను.

నేలకు చెయ్యి ఆనించి వంగు, అన్నారు అప్పుడు. నేను వంగలేదు. మా ఇంట్లో నేలకు చెయ్యి ఆనించేది దేవుడి ముందే. అది నలుగురూ చెప్పులతో నడిచే సిమెంటు నేల. కళ్ళలో నీళ్ళు తిరుగుతున్నా వంగనన్నాను.

ఆయన ఐసు సంచీ పక్కన పెట్టి, కిటికీ ఊచ పట్టుకుని లేచారు. "ఎందుకు లా, ఆ మోకాలితో!" అని అక్క అరుస్తూనే ఉంది. ఆయన కాళ్ళు ఎడంగా పెట్టి, అంగుళం అంగుళంగా కిందికి దిగి, కుడి చేతి మూడు వేళ్ళు ఆ నేలకు ఆనించారు. ఆ మోకాలు చేసిన చప్పుడు నాకు వినపడింది. తొమ్మిదేళ్ళు ఇదే నా ఉద్యోగం, అన్నారు అలా ఉండే.

అప్పుడు చెప్పారు తన ఆట గురించి. అమెరికాలో దాన్ని ఫుట్‌బాల్ అంటారు కానీ ఎక్కువగా చేతులతోనే ఆడతారు. బరువైనవాళ్ళు ఒక వరుసగా వంగి గోడలా ఉంటారు. ఆ గోడ చివర ఉండేవాడిని టైట్ ఎండ్ అంటారు. వాడివి రెండు పనులు. ఒకటి, గోడలో ఒక రాయిలా ఉండి మీదికి వచ్చేవాణ్ణి ఆపడం. రెండోది, విడిపించుకుని పరుగెత్తి బంతి పట్టడం. ఎప్పుడు ఏ పనో వాడు నిర్ణయించుకోడు, పక్కనున్న కోచ్ నిర్ణయిస్తాడు. ఈయనకు ఎక్కువగా గోడ పనే పడింది. బంతి పట్టేవాళ్ళను జనం పేరు పెట్టి అరిచి పిలిచేవారట. ఈయన ఆపినవాడి వల్ల ఏమీ జరగలేదు కాబట్టి ఎవరూ అరవలేదు.

"ఈయన తను పట్టిన బంతులన్నీ వరసగా చెప్పగలరు తంబీ. అన్ని తక్కువ!" అంది అక్క. ఆయన నవ్వారు.

నాలుగు జట్లకు ఆడారు. ఒక్కో జట్టులో ఆటగాడికి లావుపాటి పుస్తకం ఇస్తారట. ఆ జట్టు ఎత్తులన్నీ అందులో ఉంటాయి, అది కంఠతా రావాలి. ఆటగాణ్ణి వదిలించుకోవాలనుకున్న రోజు పొద్దున్నే ఒక మనిషి వచ్చి తలుపు తడతాడు. కోచ్ పిలుస్తున్నారు, పుస్తకం తెచ్చి ఇచ్చెయ్యి, అంటాడు. అంతే. నాలుగుసార్లు అలా ఈయన తలుపును ఎవరో ఒకరు వచ్చి తట్టారు. చివరి జట్టులో, నిన్న మొన్న వచ్చిన కుర్రవాడొకడికి దారి చెయ్యడమే ఈయన పని అయింది. ఒక ఆటలో అది సహించలేక, వంగి ఉండాల్సిన క్షణంలో లేచి నిలబడ్డారు, బంతి తనకు వస్తుందేమోనని. ఎదుటివాడు కింద నుంచి వచ్చి మోకాలికి తగిలాడు.

"వాళ్ళు అడిగిన రోజు పుస్తకం ఇవ్వక తప్పదు," అన్నారు నా వైపు చూస్తూ. "వాళ్ళు అడగకముందే నేనెప్పుడూ ఇవ్వలేదు."

నేను వంగాను. మూడు వేళ్ళు ఆనించాను. సిమెంటు చల్లగా, కొంచెం ఇసుకగా తగిలింది. ఆయన ఈసారి అరచెయ్యి మొత్తం పెట్టి నెట్టారు. నా కాళ్ళు వెనక్కి జారాయి కానీ పడలేదు. సిగ్గుతో తల దించుకునే ఉన్నాను. ఆయన వంకర వేళ్ళతో నా గడ్డం పైకెత్తారు. "తల దించమని ఎవరన్నారు? నడుము వంచు. కళ్ళు ఎదుటివాడి మీదే ఉంచు."

ఇంట్లోకి వెళ్ళేసరికి నాన్నగారు కంప్యూటరు ముందు ఏమీ చెయ్యకుండా కూర్చుని ఉన్నారు. నిలబడమన్నాను. ఎందుకని అడగకుండా నిలబడ్డారు. ఛాతీ మీద నెట్టాను. ఆయన మంచం మీద కూలబడి, "ఏంట్రా ఇది?" అన్నారు కోపంగా. నేను నేల మీద వంగి చూపించాను. అంకుల్ చెప్పినదంతా చెప్పాను, పుస్తకం సంగతితో సహా. పుస్తకం మాట దగ్గర ఆయన మరోసారి చెప్పమన్నారు. తరవాత లుంగీ ఎగ్గట్టుకుని, నా పక్కన వంగి, మూడు వేళ్ళు నేలకు ఆనించారు. నేను భుజంతో తోశాను. ఆయన కదల్లేదు.

అప్పుడే నాయనమ్మ గుమ్మంలోకి వచ్చింది. కొడుకు నేల మీద వంగి ఉండటం చూసింది.

"లే," అంది.

"ఉండమ్మా," అన్నారు నాన్నగారు, లేవకుండానే, తల ఎత్తి. "వీడు తోస్తున్నాడు. పడటం లేదు చూడు."

ఆవిడ తన గదిలోకి వెళ్ళిపోయింది. నిన్నటి నా మాట తప్పని నేను నాన్నగారికి చెప్పాలనుకున్నాను. అంతలోనే ఆయన నా తల మీద చెయ్యి వేశారు.

సోమవారం ఆయన ఫోటో వైపు చూడకుండా టై కట్టుకుని వెళ్ళారు. ఆ కుర్రవాడి కింద మూడేళ్ళు పనిచేశారు. అవి సుఖమైన మూడేళ్ళని అబద్ధం చెప్పను. నాన్నగారు గదిలోకి వెళ్ళినప్పుడల్లా అతను అలవాటుగా కుర్చీలోంచి లేచేవాడట. అలా లేవడం చూసి మిగతావాళ్ళు నవ్వేవారట. అతనికీ ఆ గది ఇరుకుగానే ఉండి ఉంటుందని నాకు చాలా ఆలస్యంగా తోచింది. ఆదివారం భోజనాలకు మాత్రం మళ్ళీ రాలేదు. నాన్నగారు వేరే కంపెనీలో పని దొరికిన తరవాతే అక్కడ రాజీనామా ఇచ్చారు. దానికి కొత్తగా ఉత్తరం టైపు చేసుకున్నారు, ఎందుకంటే పాతది ఫోటో వెనక లేదు. నేను తీశాననుకున్నారు ఆయన. ఆయనే తీశారనుకున్నాను నేను.

నాయనమ్మ ఆ ఫ్లాటులోనే పోయింది. మేం పుంగ్గోల్‌కు ఇల్లు మారేటప్పుడు ఆవిడ ట్రంకుపెట్టె నేనే సర్దాను. పట్టుచీర మడతలో ఆ కవరు దొరికింది. అంటించినది అంటించినట్టే ఉంది. కొడుకు వంగితే చూడలేని మనిషి, ఆ కొడుకు చేతికి అందకుండా దాన్ని దాచింది. దాని కోసం ఆవిడ ఎంత వంగవలసి వచ్చిందో ఎవరికీ చెప్పలేదు. వెన్ను మాత్రం చివరి రోజు దాకా నిటారుగానే ఉంది.

ఇప్పుడు నా చెవుల దగ్గర జుట్టు నెరిసింది. పాయా లెబార్‌లో మా ఆఫీసుకు పోయిన నెల కొత్త అధికారి వచ్చాడు. నాకంటే పన్నెండేళ్ళు చిన్న. కొంతకాలం నా దగ్గరే పని నేర్చుకున్నవాడు. మొదటి రోజు పిలిచినప్పుడు, ఆ గది తలుపు బయట, బూటు లేసు కట్టుకుంటున్నట్టు వంగి, మూడు వేళ్ళు తివాచీకి ఆనించాను. అంకుల్ వంకర వేళ్ళు గడ్డం కింద తగిలినట్టే అనిపించింది. తల ఎత్తి, తలుపు తట్టి, లోపలికి వెళ్ళాను.