అత్త చివరి దారి మీద చెత్త

అత్త పోయిందని నాకు ముందు చెప్పింది ఫోన్‌లో ఒక బొమ్మ. విరుదునగర్ షెడ్డులో పాల కవర్లు వేరు చేస్తుంటే మా సంస్థ వాట్సాప్ గ్రూపులో ఆమె ఫోటో పడింది. చుట్టూ గులాబీలు, కింద రెండు దీపాలు, మూలన సంస్థ గుర్తు. 'మన స్వచ్ఛ వీరనారికి వందనం' అని అరవంలో రాశారు. బతికుండగా ఆమె పేరు కూడా సరిగ్గా పలకని వాళ్లు రాసిన మాట అది. అమ్మ ఫోన్ ఆ తర్వాత వచ్చింది. ఏడుపు తప్ప అందులో మాటలేమీ లేవు.

అత్త మా నాన్నకు అక్క. వాళ్లది కోవిల్‌పట్టి దగ్గర నల్లరేగడి పల్లె. మా ఇళ్లల్లో తెలుగు, గడప దాటితే అరవం. మా సంస్థ దేశమంతటా చెత్త మీద పనిచేస్తుంది. బస్టాండ్లు, సంతలు, వాగులు శుభ్రం చేయిస్తుంది, తడి చెత్త పొడి చెత్త వేరు చేయడం నేర్పుతుంది, బడిపిల్లల చేత ప్రమాణాలు చేయిస్తుంది. మంచి పనే, కాదనను. ఆ మంచి పనికి నడుము వంచేది మాత్రం అత్తలాంటి వాళ్లు. బ్యానరు పట్టుకుని నిలబడేది ఇంకొకరు.

తన ఆవు చచ్చిపోయాక ఆమె ఈ పనిలోకి వచ్చింది. మా అక్క పెండ్లిలో మిగిలిన కూడును పేర్లు అచ్చేసిన ప్లాస్టిక్ తాంబూలపు సంచుల్లో పోసి కట్టి, పొలంలో కట్టేసిన ఆవు ముందు పెట్టింది. మా వైపు పెండ్లి మరునాడు అందరూ చేసే పనే అది. నీళ్లు తెచ్చేలోగా ఆవు కూడుతో పాటు సంచులూ మింగింది. కొన్నాళ్లకు మేత మానేసింది, తర్వాత లేవలేదు. పశువుల డాక్టరు పొట్ట కోసి చెయ్యి పెట్టి లాగితే ప్లాస్టిక్కు పేగుల్లాగే వచ్చింది. ఒక సంచి మీద అక్షరాలు ఇంకా చెరగలేదు.

"ఏమి రాసుండాది మే దాంట్లో?" అని అత్త నన్ను అడిగింది. ఆమెకు చదువు రాదు.

మా అక్క పేరు, బావ పేరు చదివాను.

"నా చేత్తోనే కదా పెడితిని" అంది. మరుసటి వారం సంస్థ వాళ్లు సంతలో చెత్త ఏరుతుంటే, ఎవరూ పిలవకుండానే వెళ్లి వంగింది.

నన్ను బడి మానిపించినప్పుడు అగ్గిపెట్టెల ఫ్యాక్టరీకి పంపుతామన్నారు. అత్త వచ్చి నన్ను తనతో తీసుకుపోయింది. మా ఇద్దరికీ కలిపి ఒక జత గ్లౌజులే ఇచ్చేవాళ్లు. అవి నాకే తొడిగేది. "నాకు ముళ్లు అలవాటే పిల్లా. నీది రాసే చెయ్యి" అనేది. అప్పటికి నేను రాసింది ఏమీ లేదు. బడిలో నేర్పింది అరవమే; ఫోన్ చూసి తెలుగు అక్షరాలు ఒక్కొక్కటిగా దిద్దుకుంటున్నాను, అంతే. ఆ చెయ్యితోనే ఇది రాస్తున్నాను.

కోవిల్‌పట్టి బస్టాండులో ఆమెను చూసిన వాళ్లు మరచిపోరు. బస్సులోంచి ఎవడైనా వేరుశెనగ మిఠాయి తిని కాగితం బయట పడేస్తే, ఏరుకుని బస్సెక్కి వాడి చేతికే ఇచ్చేది.

"తమ్ముడూ, నీ సొత్తు కింద పడిపోయింది."

"నాకొద్దక్కా."

"నాకు మాత్రం ఎందుకు? మిఠాయి నువ్వు తింటివి కదా."

బస్సంతా నవ్వేది. వాడు కాగితం జేబులో పెట్టుకునేవాడు. అందరూ అలా లొంగలేదు. ఒకడు "చెత్తకుప్పలు ఏరుకునేదానికి పొగరు చూడు" అన్నాడు. "పొగరు కాదు తమ్ముడూ, నడుము నొప్పి" అని చెప్పి దిగిపోయింది. నేనైతే వాడి చొక్కా పట్టుకునేదాన్ని.

ఒకసారి పెద్ద సార్లు వస్తున్నారని మమ్మల్ని వాగు దగ్గరికి రమ్మన్నారు. పొద్దున్నే దిగి అంతా ఏరి మూటలు కట్టాం. సూపర్‌వైజరు వచ్చి మూటలు విప్పి చెత్త మళ్లీ పరచమన్నాడు. వచ్చిన వాళ్లు ఏరుతూ ఫోటో దిగాలట. అత్త వెళ్లి ఒక మూట మీద కూర్చుంది.

"లెయ్యండమ్మా, ఫోటో అయ్యాక మళ్లీ కడదాం" అన్నాడతను.

"కడదాం అంటే ఎవురు? నువ్వా?"

అతను తక్కిన మూటలు తనే విప్పి పోశాడు. సార్లు వచ్చారు, తలా ఒక సీసా ఏరారు, వెళ్లిపోయారు. గాలికి ఎగిరిన కవర్లను సాయంత్రం దాకా తుమ్మ ముళ్లలోంచి పీకింది మేము. అత్త చేతులు నెత్తురు. నాకు ఏడుపొచ్చింది, కోపంతో. "ఏడిస్తే కవరు ఊడొస్తుందా? ఆ కొమ్మ వంచు" అంది.

ఇంత చేసి మేం వేరు చేసి కట్టినది కూడా చాలాసార్లు మునిసిపాలిటీ ట్రాక్టరెక్కి, వాళ్ల పల్లె వెనక గుంటలో పడి మంటల్లో కలిసేది. గాలి ఎటు వీచినా పొగ మాత్రం ఆమె ఇంట్లోకే వచ్చేది. ట్రాక్టరుకు అడ్డం నిలబడింది. గుంటలో మట్టి పోసింది. ఆఫీసుకు పోయి అరిచింది. ఎవరూ ఆపలేదు. దగ్గు మొదలైంది, తర్వాత ఆయాసం.

ఆసుపత్రిలో డాక్టరు "పొగ తాగుతావా అమ్మా?" అని అడిగితే, "నేనుగా తాగను సామీ, ఊరికే పోస్తా ఉండారు" అంది. ఆయన నవ్వాడు. నాకు నవ్వు రాలేదు.

ఆ మంచం మీదే నా చెయ్యి పట్టుకుని ఒక్కటి అడిగింది. "నన్ను వాగు పక్కనే కదా మోసుకుపోయేది. ఆ దారిలో ఒక్క కప్పు పడకూడదు. ఫ్లెక్సు వద్దు, పటాసులు వద్దు. పూలు ఎయ్యండి చాలు, గొడ్లు తింటాయి. ఇది నువ్వు చూసుకో పిల్లా." చూసుకుంటానన్నాను. బతుకంతా ఊరి చెత్త ఏరిన మనిషి, తన చావు వల్ల చెత్త పడొద్దని అడిగింది. అంతకు మించి ఏమీ అడగలేదు.

నేను విరుదునగర్ నుంచి చేరేసరికి వీధి మొదట్లో ఫ్లెక్సు కట్టి ఉంది. అత్త నిలువెత్తు బొమ్మ, కింద కుర్రాళ్ల తలకాయలు వరసగా. వచ్చిన వాళ్లకు ప్లాస్టిక్ కప్పుల్లో మజ్జిగ పోస్తున్నారు. తాగిన వాళ్లు కప్పు ఎక్కడ నిలబడితే అక్కడే వదిలేస్తున్నారు. అత్త కొడుకు దగ్గరికి పోయాను.

"బావా, అత్త ఏమి చెప్పింది?"

"తెలుసు మే." కళ్లు వాచి ఉన్నాయి. "అమ్మను గతి లేనట్ల ఎత్తుకుపోతే ఊరు ఏమంటుంది?"

"ఊరు ఏమన్నా అననీ. ఆమె అడిగింది కదా."

"ఆమె పోయింది. నేను ఈ ఊళ్లో ఉండల్ల."

అంతలో సూపర్‌వైజరు పూలచక్రం తెచ్చాడు. థర్మాకోల్ దిమ్మ, చుట్టూ మెరిసే ప్లాస్టిక్, నడుమ మా సంస్థ పేరు. కవరైనా తీసి పెట్టండి సార్ అన్నాను. "పూలు వాడిపోతాయమ్మా" అన్నాడు. నేను కవరు చింపేశాను. అమ్మ నా జబ్బ గిచ్చి పట్టుకుంది. "చావింట్లో రచ్చ చెయ్యొద్దు మే, కాళ్లు పట్టుకుంటాను."

పాడె లేచింది. పటాసులు పేలాయి. మాలో ఆడవాళ్లు వీధి చివరి దాకే పోతారు. అక్కడ పాడె చుట్టూ మూడు చుట్లు తిరిగి, ఏడ్చి, వెనక్కి రావాలి. మాతో పనిచేసే ఆడవాళ్లు వీధంతా ఏరుతూనే వచ్చారు. చివర ఆగిపోయారు. ముందు దారి మీద కప్పులు, మజ్జిగ ప్యాకెట్లు, కాలిన పటాసుల కాగితాలు. పక్కన వాగు. నేను గోనెసంచి తీసుకుని ఆ హద్దు దాటాను.

పాడె వెంట నడుస్తున్న పెద్దమామ వెనక్కి తిరిగి అరిచాడు. "ఏ పిల్లా! ఆడబిడ్డ ఇంక రాకూడదు, తెలీదా నీకు?"

"ఈ కప్పులు రావొచ్చా మామా?"

ఆయన తల తిప్పుకుని పాడె వెనక నడిచాడు. డప్పులు మళ్లీ మొదలయ్యాయి.

వంగి ఏరుతూ నడిచాను. సంచి నిండింది, కొంగులో పోసుకున్నాను. ఆడి నెల, అంటే ఆషాఢం, ఆ గాలి ఆగలేదు. నా వేళ్ల కిందినుంచి కప్పులు లేచి, మోసేవాళ్ల కాళ్ల మధ్యగా, పాడె కిందుగా దొర్లుకుంటూ పోయాయి. కొన్ని వాగులో పడ్డాయి. తక్కినవి టకటకమంటూ దారి వెంట పరుగెత్తాయి. నేను శ్మశానం చేరేసరికి పాడె ఇంకా భుజాల మీదే ఉంది. కప్పులు మాత్రం ఆమె కోసం పేర్చిన కట్టెల సందుల్లోకి అప్పటికే దూరి, తెల్లగా, గాలికి అక్కడే కదులుతున్నాయి.