గడి ముందు అవ్వ చెప్పులు

మొన్న జగిత్యాలలో ఒక ఫొటో స్టూడియో ఆయన నా పాత వీడియో క్యాసెట్టును పెన్‌డ్రైవ్‌లోకి ఎక్కించి ఇస్తూ, "సార్, గీ ముసలవ్వ చెప్పులు చేతుల వట్టుకొని ఎందుకు నడుస్తున్నది? తెగిపోయినయా?" అని అడిగాడు. అతనికి పాతికేళ్లుంటాయేమో. తెలియకపోవడం ఒకందుకు మంచిదే అనిపించింది. తెగలేదని మాత్రం చెప్పి బయటపడ్డాను.

నక్సలైట్ అన్నలు తిరిగే కాలం అది. కోరుట్ల దగ్గరి మా ఊళ్లో దొరల కోటలాంటి గడి మా తాతది. దాని గోడ మొదలుకాగానే ఎవరైనా చెప్పులు విప్పి చేతబట్టుకోవాలి, గోడ దాటాకే తొడుక్కోవాలి. ఆ గోడ మీద ఎర్ర అక్షరాలు పడ్డాక మావాళ్లు తాళం వేసి కోరుట్లలో అద్దింటికి చేరారు. జనం చెప్పులతో నడవడం మొదలుపెట్టారు. నేనేమో హైదరాబాదులో మానవశాస్త్రం చదివి, గడ్డం పెంచి, ఇంటి పాపమంతా ఒక్క సినిమాతో కడిగేస్తానన్న ఊపులో అద్దె కెమెరాతో ఊళ్లో దిగాను. కెమెరాలో పడ్డ తమ బొమ్మ పోలీసుల చేతికి చిక్కుతుందని అందరూ తప్పుకున్నారు. మాకు తరతరాలుగా బట్టలు నేసిచ్చిన ఇంటి అవ్వ ఒక్కతే ఒప్పుకుంది. "నన్ను దొరా అనకు అవ్వా" అని మొదటిరోజే గొప్పగా చెప్పాను. "మంచిది కొడుకా" అని నవ్వింది.

మూడు రోజులు రాట్నం మీద నూలు కండెలు చుట్టుకుంటూ చెప్పింది. పండుగకు మా ఇంటికి ఉత్తగా నేసిచ్చిన ధోవతుల గురించి, సిరిసిల్లలో సాంచాలు, అంటే మరమగ్గాలు, నడిపే కొడుకు గురించి. నీలం పట్టీల చెప్పులు ఆ కొడుకు కొనిచ్చినవే. వాటితో గడి ముందు నడిచేటప్పుడు కావాలనే కాస్త గట్టిగా చప్పుడు చేసేది. నాకు ముచ్చటేసేది. కెమెరా మాత్రం ఎత్తలేదు, నాకు కావలసింది పాతకాలం కదా.

నాలుగో రోజు అడిగాను. "అవ్వా, అప్పటి లెక్క చెప్పులు చేతవట్టుకొని ఒక్కసారి నడువరాదూ?"

ఆమె నా ముఖం చూసింది, తర్వాత తన కాళ్లు చూసుకుంది. "మంచిది దొరా" అంది. వంగి, చెప్పులు విప్పి, తలదించుకుని గోడ పొడుగునా నడిచింది. వెలుతురు చాలలేదని నేను రెండోసారి నడిపించాను.

సినిమా చూసినవాళ్లంతా ఆ ముక్కనే మెచ్చుకున్నారు. తర్వాత రెండుసార్లు వాళ్లింటికి వెళ్లాను. లోపల రాట్నం చప్పుడు వినిపిస్తూనే ఉంది, "అవ్వ లేదు" అని కోడలు వాకిట్లోనే చెప్పింది. మూడోసారి వెళ్లడానికి మొహం చెల్లలేదు. తప్పయిందని చెప్పాల్సిన మాట నాతోనే ఉండిపోయింది.

గడి గోడ ఇప్పుడు లేదు, రోడ్డు వెడల్పులో పోయింది. అక్కడ నడిచే ఎవరికీ కాళ్ల వైపు చూసుకునే పని లేదు. కాలం అవ్వకు కూడా చెప్పులు తొడిగింది. నా క్యాసెట్టులో మాత్రం ఆమె ఇప్పటికీ ఉత్త కాళ్లతోనే నడుస్తోంది.