అలిసిన మంచి కాలు

తొమ్మిదేళ్ళుగా ఒక మనిషి చెప్పిన క్షమాపణ నా దగ్గర ఉండిపోయింది. నిజానికి అది నేను అతనికి చెప్పాల్సింది. అతను నాకు చెప్పాడు. నేను తీసుకున్నాను. తీసుకుని, పర్వాలేదులే అని పెద్దమనిషిలా మాట్లాడాను కూడా. ఈ సంగతి మా ఆవిడకు తెలియదు. మీరెవరో నాకు తెలియదు కాబట్టి మీకు చెబుతున్నాను. తెలిసిన మొహం చూస్తూ చెప్పే ధైర్యమే ఉంటే ఇన్నేళ్ళు పట్టేది కాదు.

నేను ఫిజియోథెరపిస్టును. మాది నంద్యాల. సింగపూర్ వచ్చి పదమూడేళ్ళయింది. ఉండేది యీషున్‌లో. వచ్చాక మొదటి కొన్నేళ్ళు ఇక్కడి ఒక ఫుట్‌బాల్ క్లబ్బులో పనిచేశాను. క్లబ్బు పేరు రాయను. అతని అసలు పేరూ రాయను. యూరే అందాం. క్రొయేషియా మనిషి. మిడ్‌ఫీల్డర్. మైదానం మధ్యలో ఉండి ముందున్నవాళ్ళకు బంతి అందించే పని. మా క్లబ్బుకు వచ్చేనాటికి అతనికి ముప్పై మూడేళ్ళు.

క్రికెట్ తప్ప ఇంకో ఆట ఎరగని ఇంట్లో పుట్టిన నాకు ఫుట్‌బాల్ చూడటం నేర్పింది అతనే. బంతిని చూడొద్దనేవాడు. బంతి తన దగ్గరికి రాకముందు తను ఎటు చూస్తున్నాడో చూడమనేవాడు. చూసేవాణ్ణి. బంతి వచ్చేలోపు రెండు సార్లు భుజం మీదుగా వెనక్కి చూసేవాడు. ఆ తర్వాత అతనికి తొందర ఉండేది కాదు.

అతని జీవితమంతా నాకు మసాజ్ బల్ల మీదే తెలిసింది. సముద్రం ఒడ్డున చిన్న రేవు ఊరు. తండ్రి ఓడల కార్ఖానాలో వెల్డరు. చిన్నప్పుడు ఆడుకున్న మైదానం గోడ దాటి బంతి పోతే ఈదుకుంటూ వెళ్ళి తెచ్చుకోవాలట. పదిహేనేళ్ళకు పెద్ద నగరంలో క్లబ్బు. ఇరవై ఒకటికి ఒకే ఒక్కసారి దేశం జట్టుకు పిలుపు. ఆట మొత్తం బెంచీ మీద కూర్చుని, చొక్కా చెమటైనా తగలకుండా ఇంటికి తెచ్చుకున్నాడు. మళ్ళీ ఎవరూ పిలవలేదు. తర్వాత హంగరీ, సైప్రస్, థాయ్‌లాండ్, ఆఖరికి ఇక్కడ. ఒకచోట ఏడాది, ఇంకోచోట రెండేళ్ళు. పెద్ద పేరు రాలేదు. రాలేదని ఏడ్చిందీ లేదు.

అతనికి మిగిలింది ఒక్కటే కోరిక. మొదలుపెట్టిన ఊళ్ళోనే ఆపాలి. ఆ ఊరి క్లబ్బులో అతనికి ఆట నేర్పిన ముసలాయన ఇంకా ఉన్నాడు. మైదానంలో సున్నపు గీతలు ఇప్పటికీ తనే గీస్తాడట. జనవరిలో రా, ఒక్క సీజన్ ఆడు, కెప్టెన్సీ నీదే, మోకాళ్ళు మాత్రం బాగుండాలి అన్నాడట. ఈ మాట యూరే నాకు పదిసార్లయినా చెప్పి ఉంటాడు. కాబట్టి తెలియక చేశానని అనడానికి నాకు వీల్లేదు.

ఆగస్టులో అతని ఎడమ మోకాలికి దెబ్బ తగిలింది. ఎనిమిది వారాలు నేనే చూసుకున్నాను. నయమవుతోంది, కానీ పూర్తిగా కాలేదు. ఇంకో నెల పడుతుందని నాకు తెలుసు. అక్టోబరులో క్లబ్బుకు ఒక ముఖ్యమైన మ్యాచ్ వచ్చింది. మేనేజరు నన్ను పిలిచాడు. బెదిరించలేదు. యూరే శనివారానికి కావాలన్నాడు, పరీక్ష నీ చేతిలోనే ఉంది లా అన్నాడు, ఇక్కడివాళ్ళు మాట చివర తగిలించే ఆ 'లా'తో. ఆ వెంటనే, నా వర్క్ పాస్ రెన్యూవల్ కాగితాలు తన బల్ల మీదే ఉన్నాయనీ, శనివారం అయ్యాక చూస్తాననీ అన్నాడు. ఆ రెండు మాటలకూ సంబంధం ఉందో లేదో ఇప్పటికీ తెలియదు. ముడిపెట్టుకున్నది నేను. పాప అప్పుడే ఒకటో తరగతిలో చేరింది. పాస్ పోతే మూటాముల్లె సర్దుకోవడమే. భయపడ్డాను. భయం అబద్ధం కాదు. కానీ భయపడ్డవాళ్ళందరూ నేను చేసిన పని చేస్తారా?

మా పరీక్ష చూడ్డానికి పిల్లల ఆటలా ఉంటుంది. ఒంటికాలి మీద ముందుకు గెంతమంటాం. టేపుతో కొలుస్తాం. ముందు బాగున్న కాలు, తర్వాత దెబ్బ తిన్న కాలు. రెంటికీ మధ్య తేడా పదో వంతు లోపు ఉంటే ఆడొచ్చు. రెండు కాళ్ళూ అలసట లేకుండా ఉండాలి. అది ఎవరూ చెప్పక్కర్లేదు, ఈ పని చేసే ప్రతివాడికీ తెలుసు.

గురువారం పొద్దున నేను వరస మార్చాను. దెబ్బ తిన్న కాలితో ముందు గెంతించాను. ఆ తర్వాత ముప్పావు గంట సైకిల్ తొక్కించాను. స్టేడియం మెట్లు బాగున్న కుడికాలి మీదే ఎక్కించాను, దించాను, మళ్ళీ ఎక్కించాను. ఎందుకని అతను అడగలేదు. నేను చెబితే ఏదో కారణం ఉంటుందనుకునే మనిషి. కుడికాలి తొడ వణకడం మొదలయ్యాక, ఇప్పుడు ఈ కాలితో గెంతు అన్నాను. అలిసిన మంచి కాలు దాదాపు దెబ్బ తిన్న కాలి దగ్గరే ఆగింది.

ఫారంలో రెండు అంకెలకు రెండు గళ్ళున్నాయి. ఏది ముందు కొలిచామో రాయడానికి గడి లేదు. టేపు చూపించిందే రాశాను. ఒక్క సెంటీమీటరు కలపలేదు. వారానికోసారి వచ్చే డాక్టరు ఆ అంకెలు చూసి సంతకం పెట్టాడు. ఇన్నేళ్ళూ ఈ ఒక్క ఊతం పట్టుకుని వేలాడాను, నేను అబద్ధం రాయలేదు కదా అని. రాయలేదు సరే. మరి చేసిందేమిటి?

శనివారం రెండో సగంలో అతను పడిపోయాడు. ఎవరూ తగల్లేదు. భుజం మీదుగా చూసుకుని, బంతితో పక్కకు తిరిగాడు, అంతే. బ్యాగు పట్టుకుని పరిగెత్తాను. అతను మోకాలి వైపు చూసుకోలేదు. నా వైపు చూశాడు. ఏం జరిగిందో నేను చెబుతానని చూశాడు. నేను ఐస్ ప్యాక్ కోసం వెతుకుతున్నట్టు తల దించుకున్నాను.

ఒక ఆపరేషన్ అయింది. రెండోదీ అయింది. ఇక ఆడకూడదన్నారు. జనవరి వచ్చి వెళ్ళిపోయింది. ముసలాయన కెప్టెన్సీ ఇంకొకరికి ఇచ్చాడు.

వెళ్ళిపోయే ముందు యూరే నన్ను ఇంటికి రమ్మన్నాడు. సముద్రం కనపడాలని పాసిర్ రిస్‌లో అద్దెకుండేవాడు. గదినిండా అట్టపెట్టెలు. ఒక పెట్టె మీద నన్ను కూర్చోబెట్టి, తను చంకకర్రలు గోడకానించి నేల మీద కూర్చున్నాడు.

"నీకొకటి చెప్పాలి. ఆ రోజు పరీక్షలో మోకాలు నొప్పి పుట్టింది. గెంతిన ప్రతిసారీ. ఆడాలన్న ఆశతో దాచాను. నీ పని పాడు చేశాను. నన్ను క్షమించు."

అప్పుడు చెప్పి ఉండాల్సింది. ఆ ఒక్క నిమిషం నాకు ఎవరో పళ్ళెంలో పెట్టి ఇచ్చారు.

"పర్వాలేదులే. అందరూ దాస్తారు," అన్నాను.

"నా వల్ల నీ పాస్‌కు ఇబ్బందేం రాలేదు కదా?"

"లేదు. రెన్యూ అయింది."

"మంచిది. అదే భయపడ్డాను," అన్నాడు. అని నా మోకాలి మీద చెయ్యి వేశాడు.

సిగ్గు లేకుండా చెబుతున్నాను, కొన్నాళ్ళు నాకు తేలిగ్గా అనిపించింది. తప్పు అతనిది కూడా అన్నమాట అనుకున్నాను. కానీ ఆటగాడు నొప్పి దాస్తాడు. దాస్తాడనే ఆ పరీక్ష పెట్టారు. అతను దాచినా పట్టుకోవాల్సినవాణ్ణి నేను. ఇది గ్రహించాక మళ్ళీ తేలికపడింది లేదు.

ఇప్పుడు టోవా పాయోలో ఒక చిన్న క్లినిక్‌లో పనిచేస్తున్నాను. వచ్చేదంతా మోకాళ్ళ నొప్పుల అంకుల్స్, ఆంటీలు. ప్రతివాళ్ళకూ బాగున్న కాలే ముందు చూస్తాను. దానివల్ల ఏం ప్రయోజనం?

యూరే వాళ్ళ ఊళ్ళోనే కుంటుతూ పిల్లలకు ఆట నేర్పుతున్నాడు. ఏటా మొదటి రోజు వాళ్ళకు తన కథ చెబుతాడట. నొప్పి దాచి, మంచి ఫిజియోను మోసం చేసి, నా ఆట నేనే పోగొట్టుకున్నాను, మీరు అలా చేయకండి అని. పోయిన నెల మెసేజ్ పెట్టాడు. పిల్లలు నమ్మడం లేదట. నువ్వే రెండు నిమిషాలు చెప్పు, వీడియో పంపు అన్నాడు.

చేశాను. మా హాల్లోనే. పాప ఫోను పట్టుకుంది, స్పీడ్ తగ్గించు నాన్నా, దే కాంట్ ఫాలో లా అంది. తగ్గించాను. నొప్పి దాచకూడదని, దాస్తే ఫిజియోకు తెలిసే దారి ఉండదని చక్కగా చెప్పాను.

"శానా బాగ చెప్పినారు. ఆయప్ప వింటే ఎంత సంతోషపడతాడో," అంది మా ఆవిడ.

మర్నాడు ఫోటో వచ్చింది. గడ్డిలో ఇరవై మంది పిల్లలు, మధ్యలో అతని ఫోనులో నా మొహం. ఇప్పుడు నమ్మారు అని రాశాడు.

అతనికి నిజం చెప్పొచ్చు కదా అని మీరడుగుతారు. చెబితే మోకాలు తిరిగిరాదు, పిల్లలకు చెప్పుకునే ఆ కథ కూడా పోతుంది అని నాకు నేను చెప్పుకుంటాను. అది అతని మీద జాలి కాదు. అతను నన్ను మంచివాడనుకోవడం మానేస్తాడన్న భయం. ఈ భయంతోనే పోతాననుకుంటాను.

యూరే ఆట పోయింది అతను నొప్పి దాచినందుకు కాదు. నేను తెలిసి తెలిసి అతని కాళ్ళను అలా కొలిచినందుకు. ఈ మాట ఎవరికైనా చెప్పడం ఇదే మొదటిసారి. అతనికి చెప్పలేను. మీకు చెప్పాను.