చిన్నాయిన ఇంట్ల కోర్టు నకలు

తాత తవ్విన మోటబావి మొత్తం తనదేనని బాపు దావా వేసిండు. మొత్తం నాదేనని ఆయన తమ్ముడు, అంటే మా చిన్నాయిన, జవాబు వేసిండు. ఎల్లారెడ్డి మున్సిఫు ఇద్దరి మాటా విని, చెరి సగమని ఫైసలా చెప్పిండు. ఇద్దరూ ఓడిపోయినట్టే మొఖాలు పెట్టిండ్రు. ఆ అన్నదమ్ములు ఒక్కతీరుగ బాధపడంగ నేను చూసింది ఆ ఒక్కనాడే.

పై అదాలత్‌కు అప్పీలు పోవాలంటే ఫైసలా నకలు కావాలె, మొహరు, అంటే సర్కారు ముద్ర, వేసింది. గడువు దాటితే అప్పీలు తీసుకోరు. ఇగ బావి సగమే, ఖాయం.

నకలు కోసం అర్జీ పెట్టను రెండిండ్లోళ్ళమూ ఒక్కనాడే పోయినం. అదాలత్‌ల రాతంత ఉర్దూలనే. బడిల దెబ్బలు తిని నేర్చిన ఉర్దూ నాకున్నది గనక మా అర్జీ నేనే రాయాలె. అదాలత్ ముంగట హోటల్ల ఇంకో చాయ్ అడిగిన. అది తాగేలోపల చిన్నాయిన అర్జీ లోపలికి పోయింది. నకళ్ళు రాసే గుమాస్తా రెండు దినాలల్ల వాళ్ళది రాసిచ్చి, బిడ్డ పెండ్లికని సెలవు మీద పోయిండు. మా అర్జీ ఆయన కోసం కూసున్నది.

చిన్నాయిన నకలును రేకు గొట్టంల పెట్టుకొని, ఊరూరా చూపిచ్చుకుంట తాడ్వాయి దాకా తిప్పి తెచ్చిండు. చిన్నమ్మ దానికి పసుపు కుంకుమ పెట్టి దేవుని గూట్ల ఉంచింది. ఊరోళ్ళు బాలింతను చూసినట్టు వచ్చి చూసిపోయిండ్రు. మా ఇంటికి ఒక్కరు రాలే. మా దగ్గర చూడను ఏమున్నదని?

ఒకనాడు చిన్నాయిన నడిమి గోడ మీది నుంచి పిలిచిండు.

"దావా మీ బాపుతోని, నీతోని కాదు. రా, చదువు."

చదివిన.

"ఏమున్నదిరా?"

"చెరి సగమనే ఉన్నది చిన్నాయినా."

"అది నాకెరికే. ఇంకేమున్నది?"

"మొహరున్నది."

ఎంత మంచి మొహరది! గుండ్రంగ, నిండుగ, ఎక్కడా చెదరకుంట. రాత చూస్తే ముత్యాలు. కోర్టు కాయితం మీద ఈర్ష్య పడ్డోన్ని జిల్లాల నేనొక్కన్నే కావచ్చు.

"వకీలు దగ్గరికి ఎప్పుడు పోతరు?" అనడిగిన.

"మూఢం నడుస్తున్నది గద. శుక్రుడు కనవడనీ. నకలు చేతిలున్నంక తొందరేంది?"

ఇంటికొచ్చి చెప్పిన. బాపు తువ్వాల నేలకేసి కొట్టిండు. "వానికి ముహూర్తం చూసుకునే తీరిక! నాకు కాయితమే దిక్కులేదు!"

నన్ను కన్న అవ్వ నా దిక్కు చూసింది. "ఇంకో చాయ్ తాగి రాకపోతివి బిడ్డా."

ఎల్లారెడ్డికి మూడుసార్లు బండి కట్టినం. మూడోసారికి నకలు దొరికింది. రాత కోడి గెలికినట్టున్నది. మొహరు సగమే పడ్డది. మున్సిఫు చెప్పింది మా మొహరొక్కటే మనసుల పెట్టుకున్నది.

గడువు దాటిందనే అనుకుంట బాపు నన్ను తీసుకొని కామారెడ్డిల మా వకీలు దగ్గరికి పోయిండు. వకీలు నకలు వెనకకు తిప్పి, అర్జీ ఇచ్చిన దినం, నకలు తయారైన దినం వేళ్ళ మీద లెక్కపెట్టిండు.

"నకలు తయారయ్యేటందుకు పట్టిన దినాలు గడువు లెక్కకు రావు. మీకింకా టైమున్నది."

"ఆలస్యమైతే మంచిదా దొరా?"

"ఈసారికి మంచిదే."

నేను చాయ్ సంగతి ఎత్తబోయిన. బాపు ఉరిమి చూసిండు.

అప్పీలు దాఖలైంది. మూఢం పోయినంక చిన్నాయిన కొబ్బరికాయ కొట్టి, గొట్టం చంకల పెట్టుకొని తన వకీలు దగ్గరికి పోయిండు. నకలు రెండు దినాలకే తయారాయె గనక గడువు నుంచి తీసేసేటివి ఆ రెండే. మిగిలిన దినాలు దేవుని గూట్లనే అయిపోయినయి.

ఆ పొద్దు చిన్నమ్మ మా వాకిట్లకొచ్చి కొంగు నోట్ల కుక్కుకొని ఏడ్చింది. దావా పడ్డప్పటి నుంచి అవ్వ ఆమెతోని మాట్లాడింది లేదు. ఇప్పుడు చెయ్యి పట్టుకొని కూసోబెట్టింది. ఉట్టి మీది చట్టి దించి, మీగడ కట్టిన పెరుగు గిన్నెల పోసి ఇచ్చింది.

నాలుగు దినాల నుంచి నేనడుగుతున్న ఆ పెరుగు. చిన్నమ్మ ఏడుసుకుంటనే మొత్తం తిన్నది.