గడువు రాయని తీర్మానం

మా కులసంఘం తీర్మానాల పుస్తకంల నా చేతిరాత ఒక్కటే పేజీల ఉన్నది. గుండ్రంగ, ముద్దుగ, ఒక్క కొట్టివేత లేకుంట ఉంటది. గా పేజీ రెండేండ్లు మా చిన్నమ్మను ఊరి నడుమల ఒంటరిదాన్ని చేసింది. నేనేమో రాజనీతిశాస్త్రం చెప్పుకొని బతికేదాన్ని. మనిషి స్వేచ్ఛ గురించి, నేరం గురించి, శిక్ష గురించి నిర్మల్ల డిగ్రీ పిల్లలకు పదిహేనేండ్ల సంది పాఠం చెప్తున్న. అసొంటి నేనే గా పేజీ రాసిన. ఇప్పుడు దాచుకునేది ఏం లేదు.

మాది మెట్‌పల్లి దిక్కు సాంచాల ఊరు, అంటే మరమగ్గాల ఊరు. పొద్దున లేస్తే కోడి కూత కన్న ముందు మా బాపు షెడ్డుల నాలుగు సాంచాల చప్పుడు ఇనొస్తది. చిన్నమ్మ మా పక్కింట్ల ఉంటది. రక్తసంబంధం లేదు, వావికి చిన్నమ్మ. మొగడు పోయి శానేండ్లయింది, పిల్లలు లేరు. రాట్నం మీద కండెలు చుట్టుడే ఆమె బతుకు. మగ్గం నాడెల పెట్టే చిన్న నూలు చుట్టనే మేం కండె అంటం. నా చిన్నప్పుడు ఆమె పక్కన కూసోని నేను గూడ చుట్టేదాన్ని. నూలు తెగితే నెత్తి మీద ఒక్కటిచ్చి, మళ్ల తనే ముడి ఏసేది.

గా చిన్నమ్మనే మూడు షెడ్లల్ల నూలు కోన్లు తీసింది. బియ్యం డబ్బ ఎనక దొరికినయ్. లేదని బుకాయించలే. సంఘం భవనంల పెద్దమనుషుల ముందట నిలబడి "తీసిన" అన్నది, గంతే. ఆమె దొంగతనం చేయలేదని నేను ఎన్నడు అనలే, ఇప్పుడు గూడ అంటలేను. కొందరికి ఈ ముచ్చట చెప్తే "పాపం, ఆమె చేయలేదు కావచ్చు" అంటరు. నాకు ఒళ్లు మండుతది. చేయనోళ్ల దిక్కు నిలబడుడు అందరికి అయితది. చేసినోళ్ల దిక్కు నిలబడేటందుకే నేను చదివిన చదువంత ఉన్నది.

శిక్ష తేల్చిన ఆదివారం నాటికి, ఎప్పుడు పుస్తకం రాసే పెద్దాయనకు కంటి ఆపరేషన్ అయ్యింది. పెద్దమనుషులల్ల మా బాపు గూడ ఒకడు, ఆయన నన్ను పిలిచిండు. ఆడోళ్లు సంఘం భవనంల అడుగుపెట్టుడే తక్కువ, అసొంటిది కలం పట్టుకొని జంఖాన నడుమల కూసునే సరికి నాకు మస్తు గర్వమైంది. పెద్దమనుషులు తలో మాట అన్నరు. ఒకాయన, చేసిన తప్పుకు బాధ పడాలె కద అన్నడు. ఇంకొకాయన, గట్టిగ ఏస్తేనే ఇంకోళ్లు భయపడుతరు అన్నడు. మూడో ఆయన, గిట్లయితెనన్న మారుతది అన్నడు. నాకు లోపల నవ్వొచ్చింది. ప్రతీకార సిద్ధాంతం, నిరోధక సిద్ధాంతం, సంస్కరణ సిద్ధాంతం, నా మూడో యూనిట్ పాఠమంత జంఖాన మీద వరుసగ కూసున్నది. గది చూసి మురిసిన గని చిన్నమ్మను చూడలే. ఆమె ఎక్కడ నిలబడ్డదో గూడ నాకు యాదికి లేదు.

చివరికి మాట బంద్, పని బంద్ అని తేల్చిన్రు. నేను దాన్ని చక్కటి భాషల పెట్టిన. "నేరం ఒప్పుకున్నందున, నేటి నుండి కులస్థులెవ్వరును ఆమెతో మాట్లాడరాదు, ఆమెకు పని ఇవ్వరాదు. ఈ కట్టు దాటినవారికి సైతం ఇదే శిక్ష వర్తించును." నాలుగు వరుసలు. చదివి వినిపిస్తే అందరు భేష్ అన్నరు. బాపు మీసం మీద చెయ్యేసుకున్నడు.

తర్వాత రెండేండ్లు ఏమైందో చెప్పుడు నాకు కష్టమే. షెడ్లోళ్లు కండెలు ఇచ్చుడు బంద్ చేసిన్రు. ఆమె పక్క ఊరి నుంచి బీడీల ఆకు తెచ్చుకొని చుట్టుకున్నది. దుకాణంల ఆమెకు సామాను ఇచ్చేటోళ్లు, దుకాణపోళ్లు మా కులమోళ్లు కాదు గనుక. మా అవ్వ కూర వండినప్పుడల్ల ఒక గిన్నె తీసుకపోయి ప్రహరీ గోడ మీద పెట్టి, మాట లేకుంట తిరిగొచ్చేది. గిన్నె కడిగి అదే గోడ మీదికి వచ్చేది. నేను శనివారం శనివారం ఇంటికి వచ్చేదాన్ని. ఆమె ఇంటి ముందటి గద్దె మీద కూసోని ఉంటే ఫోన్ చూసుకుంట నడిచిపోయేదాన్ని. ఎవరో బలవంతం చేస్తే కాదు. నేను రాసిన మాటను నేనే ఎట్ల దాటాలె అనుకున్న. సిగ్గులేని మాట, గని గదే నిజం.

ఈ ఏడు శిక్షల పాఠం చెప్తుంటే ఒక పిల్ల లేచింది. శ్రీరాంపూర్ దిక్కు నుంచి వచ్చి హాస్టల్ల ఉంటది, వాళ్ల నాయిన బొగ్గు బాయిల పని చేస్తడు. ఎప్పుడు నోరు తెరవని పిల్ల.

"మా కాకకు జడ్జి రెండేండ్లు ఏసిండు మేడం. గవి అయిపోయినయ్, ఇంటికొచ్చిండు. మా వాడకట్టోళ్లు ఏసిన శిక్ష ఎప్పుడు అయిపోతది?"

నేను తడుముకోకుంట చెప్పిన. చట్టం ఏసిన శిక్షకే హద్దు ఉంటది, నేరానికి తగ్గ కొలత ఉంటది, ఆ కొలత తీరిన్నాడు మనిషి మళ్ల మనిషే, రాజ్యం గూడ ఆయన్ను ముట్టుకోరాదు, ఉదారవాదం చెప్పేది గదే అన్న. పిల్ల సరే అని కూసున్నది. సరే అన్న ముఖం కాదు అది. ఆమె అడిగింది రాజ్యం గురించి కాదు, వాడకట్టు గురించి. అసొంటి వాడకట్టుల నేను గూడ ఉన్న.

ఆ శనివారం బస్సు సోన్ కాడ గోదారి దాటుతుంటే నాకు మా తీర్మానంల ఆఖరి వరుస యాదికొచ్చింది. దాని తర్వాత ఏం రాసిన్నో ఎంత గుంజినా రాలే. ఇంటికి పోయి చెప్పులు గూడ ఇడవకుంట బాపు ఇనుప బీరువ తెరిచిన. సంఘం పుస్తకం ఆడనే ఉంటది.

ఎన్కటి పేజీలు ఒక్కొక్కటి తిప్పిన. పెద్దాయన రాత కోడి కాళ్ల లెక్క ఉంటది. తాగి కొట్లాడినోనికి మాట బంద్, పెండ్లి పిలుపుల గొడవ పెట్టినోనికి మాట బంద్, అన్నదమ్ముల గోడ పంచాయితీల ఇద్దరికి మాట బంద్. ప్రతి పేజీ అడుగున, సందుల ఇరికించినట్టు, ఒకే మాట ఉన్నది: మార్కండేయ జయంతి దాక. మా కులం ఏటేట చేసే పండుగ అది, ఒక్క పేజీల గూడ తప్పలే. తర్వాత నా పేజీ వచ్చింది. అందంగ ఉన్నది. అడుగున ఖాళీ ఉన్నది. ఆడనే కింద కూసున్న.

తెల్లారి పెద్దాయన ఇంటికి పోయిన. నల్లద్దాలు పెట్టుకొని ఎండల కూసున్నడు. పెద్దమనుషులు గడువు చెప్పలేదు కద, నువ్వెట్ల రాసేటోనివి అని అడిగిన.

"వాళ్లు చెప్పరు బిడ్డా, కోపంల ఉంటరు. శిక్ష ఏసుడు వాళ్ల పని. దర్వాజ పెట్టుడు రాసేటోని పని."

గింత పని ఎవరు నేర్పిన్రు అంటే, ఎవరు నేర్పుతరు, మనిషన్నోడు మళ్ల రావాలె కద అన్నడు. పదిహేనేండ్ల పాఠంల నేను చెప్పింది ఆయన సందుల ఇరికించిన ఒక్క వరుసల ఉన్నది. ఆయన ఏడో తరగతి దాటలే. నేనేమో పెద్దమనుషులు చెప్పింది చెప్పినట్టు రాసిన, ఒక్క అక్షరం తప్పు పోకుంట. మా కులంల చదువుకున్నోళ్లు మాత్రమే చేయగల తప్పు అది.

బాపుతోని చెప్తే జిద్దుకు వచ్చిండు. రాసింది రాసినట్టు ఉండాలె, రాతల గడువు లేనిది మనమెట్ల తీస్తం, ఆమె వచ్చి తప్పయింది అని అడిగితే సంఘం చూస్తది అన్నడు. నేను అడిగిన: ఎవరిని అడగాలె? ఎవరితోని మాట్లాడినా వాళ్లకు గూడ ఇదే శిక్ష కద? మాపు చేయమని నోరు తెరిస్తే, ఇన్నోడు గూడ కట్టు దాటినట్టే కద? గా ముడి బాపు గూడ అప్పటిదాక చూడలే. మార్కండేయ జయంతులు రెండు వచ్చి పోయినయ్. అందరు ఎవరో ఒకరు షురూ చేస్తరని చూసుకుంట కూసున్నరు. ఒక్కరు కదలలే.

నేను ఠాణాకు గూడ పోవచ్చు. మనిషిని గిట్ల ఎలేసుడు చట్టంల నేరమే, నాకు తెలుసు. కులానికి శిక్ష ఏసే హక్కే లేదు, రెండు దినాలకైన, రెండేండ్లకైన. ఈ మాట మీద నేను ఇప్పటికి గట్టిగ నిలబడుత. అయితే పోలీసులు వచ్చి పోయినంక గూడ చిన్నమ్మ గా గల్లీలనే బతకాలె. ఆమెను అడగకుంట ఆమె తరఫున నేను ఏదన్న చేస్తే, మొదటి తప్పే మళ్ల చేసినట్టు. అందుకే ముందుగాల ఆమె తానికే పోయిన.

పట్టపగలు, గల్లీ అంత చూస్తుండంగ, ఆమె గద్దె మీద కూసున్న. చిన్నమ్మా, మంచిగున్నవా అన్న. ఆమె బిత్తరపోయింది. అటు ఇటు చూసింది. లోపలికి పోతదనుకున్న, పోలే. పక్కన ఖాళీ రాట్నం ఉన్నది, పని లేకపోయినా నూనె పెట్టి, బట్టతోని తుడిచి పెట్టుకున్నది. దాని దిక్కు తిరిగి మెల్లగ అన్నది:

"ఓ రాట్నమా, గీ పిల్లకు జర చెప్పు. నాతోని మాట్లాడితే ఈమెను గూడ ఎలేస్తరని చెప్పు."

నాకు ఏడుపు ఆగలే. ఎదురింటోళ్లు చూస్తున్నరని గూడ సోయి లేదు. రెండేండ్ల సంది ఆమె గా రాట్నంతోనే మాట్లాడుకుంట బతికిందని అప్పుడు సమజైంది. నేను గూడ రాట్నానికే చెప్పిన: ఎలేస్తే ఎలేయనియ్, ఠాణాకు పోదామంటే పోదాం, సంఘంలనే తేల్చుకుందామంటే గట్లనే, మా చిన్నమ్మ ఏది అంటే గది. సంఘంలనే నిలబడి తీసిన అన్న, ఆడనే తెంపుకోవాలె, అని చిన్నమ్మ రాట్నానికి చెప్పింది.

కట్టు దాటినందుకు వచ్చే ఆదివారం నన్ను పిలిచిన్రు. నేను ఒక్కటే షరతు పెట్టిన. నా మీద మాట్లాడాలంటే చిన్నమ్మ గూడ ఉండాలె, ఆమె చెప్పేది ఇనాలె. అటు ఇటు గునిసిన్రు, చివరికి ఒప్పుకున్నరు. పుస్తకం చేతుల పట్టుకొని పాత తీర్మానాలు ఒక్కొక్కటి చదివిన. ప్రతి దాని ఆఖరుకు "మార్కండేయ జయంతి దాక" అని గట్టిగ చదివిన. చివరికి నా పేజీ చదివి, ఆడ ఆగిన. శిక్ష పడ్డోళ్లందరికి ఒక జయంతి వచ్చింది, ఈమెకు ఎందుకు రాలే అన్న. దొంగతనం చేసింది, బరాబర్. దొంగకు గూడ ఒక కొలత ఉంటది, కొలత లేని శిక్ష శిక్ష కాదు, పగ అన్న. అసలు ఇది సంఘం చేసే పనే కాదని గూడ అన్న. ఆ మాటకు ఇద్దరు లేచి పోయిన్రు. పోనీ అనుకున్న.

మిగిలినోళ్లల్ల ఒకాయన చిన్నమ్మ దిక్కు తిరిగి, ఎందుకు తీసినవమ్మ అని అడిగిండు. రెండేండ్లల్ల ఆ సవాల్ ఆమెను అడుగుడు అదే మొదలు. కండెల మిషన్ వచ్చినంక సగం షెడ్లోళ్లు నాకు పని బంద్ పెట్టిన్రు, కోన్లు అమ్ముకుందామని తీసిన, తప్పే అన్నది. గొంతు బొంగురుపోయి ఉన్నది, మాట్లాడక.

ఇయ్యాల్టితోని ఇద్దరిది అయిపోయింది, రాయి బిడ్డా అన్నరు పెద్దమనుషులు. గా పేజీ అడుగున ఉన్న ఖాళీలనే రాసిన, తేదీ ఏసిన. ఇక మీద గడువు లేకుంట ఈ పుస్తకంల ఏదీ రాయొద్దని ఒక వరుస నా అంతట నేనే ఎక్కించిన. పుస్తకమే ఉండొద్దని నా వాదన, గది ఇంకా నడుస్తనే ఉన్నది. బాపు లేచి చిన్నమ్మ ముందటికి పోయి, రేపటి సంది కండెలకు రా అన్నడు. ఆమె తల ఊపింది.

అందరు చెప్పులు తొడుక్కుంటుంటే నేను ఆమె తానికి పోయిన. లోపల ముల్లు లెక్క ఉన్న మాట అప్పుడన్న చెప్పకపోతే ఇంకెన్నడు చెప్పను. చిన్నమ్మా, మొదటి తీర్మానం గూడ నేనే రాసిన అన్న.

ఆమె నా చెయ్యి పట్టుకున్నది.

"ఎరుకే బిడ్డా. నువ్వు రాస్తుంటే నీ ఎదురుంగనే నిలబడ్డ. ఒక్కపారన్న తలెత్తుతవేమో అని చూసిన."